శిబిరంలో మిగిలిపోయిన ఎర్ర చొక్కా పిల్లోడు

ఆదోనిలో కూరగాయల మార్కెట్టుకు వెళ్ళినప్పుడల్లా ఇప్పటికీ నన్ను ఎవరో ఒకరు నిలబెట్టి అడుగుతారు. బెండకాయలు తూచే ఆవిడైతే తక్కెడ గాల్లో ఆపేసి మరీ అడిగింది. "ఏమ్మా, అంత పెద్ద చదువులు చదివినోళ్ళు, ఆ ఎర్ర సొక్కా పిల్లోణ్ణి ఎట్ల వదిలిపెట్టి వస్తిరి?" అని. నేను వదల్లేదు తల్లీ, వదిలినాయన వేరే ఉన్నాడు అంటే వినరు. బెండకాయల్లో నాలుగు ముదురువి వేసి పంపిస్తారు.

బొమ్మల సినిమాలు చేయడం నేర్చుకోవాలని ఈ మధ్య కాలేజీ పిల్లలు మా ఇంటికి వస్తున్నారు. ఏ సాఫ్ట్‌వేర్ మంచిదక్కా అంటారు. నేను ఈ ఎర్ర చొక్కా కథ మొదలుపెడతాను. సగంలో ఫోన్లు చూసుకుంటూ లేచిపోతారు. మీరు మాత్రం కూర్చోండి. ఇంత కంటే ముఖ్యమైన పాఠం నా దగ్గర లేదు, ఉన్నా చెప్పే ఓపిక లేదు.

నా ఉద్యోగంలో ఎక్కువ కాలం హైదరాబాదులో పరాయి దేశాల కార్టూన్లకు మధ్య బొమ్మలు గీశాను. పెద్ద ఆర్టిస్టు చెయ్యి దించిన బొమ్మ ఒకటి, చెయ్యి ఎత్తిన బొమ్మ ఒకటి గీసి పారేస్తాడు. ఆ చెయ్యి కిందినుంచి పైకి వెళ్ళడానికి మధ్యలో కావలసిన బొమ్మలన్నీ నాలాంటివాళ్ళం గీయాలి. నా యవ్వనంలో చెప్పుకోదగ్గ భాగం ఒక కుందేలు చెవి వంగడానికే ఖర్చయిపోయింది. ఆ కుందేలు ఏ కథలోదో, చివరికి ఏమయిందో కూడా నాకు తెలియదు.

రిటైర్మెంటు దగ్గర పడుతుండగా కంపెనీ వాళ్ళకు ఒక ఆలోచన వచ్చింది. చిన్న ఊళ్ళో ఒక యూనిట్ పెడితే అద్దె కలిసొస్తుందట. మాది ఆదోని అని తెలిసి నన్ను ఇన్‌ఛార్జిగా పంపించారు. బట్టల బజారులో ఒక చీరల దుకాణం మీద మేడ. గీసేవాళ్ళను మీరే చూసుకోండన్నారు. నేను ఎక్కడికీ పోలేదు, ఎమ్మిగనూరు బస్సెక్కాను.

ఎమ్మిగనూరులో చీరల అంచులకు గళ్ళ కాగితం మీద డిజైన్లు గీసే పెద్దాయన ఒకాయన ఉండేవాడు. గడిలో చుక్క పెడితే మగ్గం మీద పోగు లేస్తుంది, అలా చుక్క చుక్కగా నెమలిని నిలబెట్టేవాడు. డిజైన్లన్నీ కంప్యూటర్లోకి వెళ్ళిపోయాక ఆయన చేతిలో పెన్సిలు ఖాళీగా ఉంది. ఆయన్నీ, ఆయన దగ్గర పని నేర్చుకున్న నేత ఇళ్ళ ఆడపిల్లల్నీ మా యూనిట్లో చేర్చుకున్నాను. రోజూ పొద్దున ఎమ్మిగనూరు బస్సులో దిగేవాళ్ళు, సాయంత్రం అదే బస్సెక్కేవాళ్ళు. ఆయన్ని నేను మామా అనేదాన్ని. ఆయన నన్ను అమ్మా అనేవాడు గానీ, మాట వినాల్సి వచ్చినప్పుడు మాత్రం ఆ పిలుపు ఆయనకు గుర్తుండేది కాదు.

ఇక మాకు దొరికిన పని. ఒక పిల్లల చానెల్ వాళ్ళు ఎండాకాలం సెలవుల కోసం అరగంట ప్రత్యేక కార్యక్రమం అడిగారు. వేసవి శిబిరానికి వెళ్ళిన పిల్లల కథ, మొత్తం బొమ్మలతో. నీళ్ళంటే భయపడే ఎర్ర చొక్కా పిల్లవాడొకడు శిబిరంలో స్నేహితులు సంపాదించుకుని చివరికి నీళ్ళలోకి దూకుతాడు. అంతే కథ. అయితే కంపెనీ వాళ్ళు ఫోనులో నాకు మెత్తగా ఒక మాట చెప్పారు. ఇది జనానికి నచ్చితే ఆదోని యూనిట్ ఉంటుంది, నచ్చకపోతే మేడ ఖాళీ చేసేయడమే. నాదేముంది, నేను ఎలాగూ దిగిపోయేదాన్ని. మా ఆడపిల్లలు హైదరాబాదు వెళ్ళి గదులు తీసుకుని ఉండలేరు. పెద్దాయన ఆ వయసులో ఇంకెక్కడికి పోతాడు?

కథ చదివి వినిపించాను. సరస్సు ఒడ్డున డేరాలు, రాత్రిపూట చలిమంట, చుట్టూ కూర్చుని పిల్లల పాటలు. పెద్దాయన కళ్ళజోడు తీసి తుడుచుకుని, మంట దగ్గరి ముక్క మళ్ళీ చదవమన్నాడు.

"ఏ నెలమ్మా ఇది?"

"మే నెల మామా."

"మే నెలలో మంట యాల వేసుకుంటారు? ఆ పిల్లోళ్ళకు చలిజరమా?"

గదిలో ఉన్న ఆడపిల్లలంతా బల్లల మీద తలలు పెట్టుకుని నవ్వారు. నేను ఇన్‌ఛార్జిని కదా, గంభీరంగా ఉండి, శిబిరమంటే అలాగే ఉంటుంది, గీయండి అన్నాను. గీశారు. మంట మధ్యలో ఉంది. పిల్లలు కాగితం అంచుల్లో ఉన్నారు, ఒకడు విసనకర్ర విసురుకుంటున్నాడు, ఒకమ్మాయి తడి తువ్వాలు నెత్తిన వేసుకుంది. హైదరాబాదునుంచి చానెల్ సారు వీడియో కాల్‌లో చూశాడు. చిన్న వయసు, మంచివాడే గానీ కంగారు మనిషి.

"మేడమ్, మంట చుట్టూ కూర్చోవడమంటే మంటకు అర కిలోమీటరు చుట్టూ కాదండీ."

చివరికి మా పిల్లల్లో ఒకమ్మాయే దారి చూపించింది. ఎండాకాలం చింతపండు కొట్టినప్పుడు గింజలు కాల్చుకు తినడానికి మనం మంట వెయ్యమా అంది. అంతే, మంట చిన్నదైంది, పిల్లలు దగ్గరికి జరిగారు, చింతగింజలు టపటపమన్నాయి. చానెల్ సారు సంతోషించాడు. ఆ గోధుమరంగు బిళ్ళలు చాక్లెట్లేనా అని అడిగాడు. ఔనన్నాను.

తర్వాత నడక. నేత డిజైన్లో ఒక పువ్వు గీస్తే చాలు, అంచు పొడుగునా మగ్గం ఆ పువ్వునే వేసుకుంటూ పోతుంది. మా వృత్తిలో నడక కూడా అదే. కుడి అడుగు, ఎడమ అడుగు ఒక్క చుట్టు గీస్తే, అవే బొమ్మలు మళ్ళీ మళ్ళీ వేసుకుని మనిషి మైళ్ళు నడుస్తాడు. ఆ కిటుకు వీళ్ళకు నేర్పాల్సిన పనే లేకపోయింది. పిల్లలు బస్సు దిగి శిబిరంలోకి నడిచి వచ్చే దృశ్యం ఒక్క పూటలో తయారైంది. వేసి చూస్తే పిల్లలందరూ ఒకే ఎత్తున, ఒకే దూరంలో, ఒకే కాలు ముందుకు వేసి వస్తున్నారు. పట్టుచీర అంచులో చిలకలు బయలుదేరినట్టు ఉంది. చూడటానికి ఎంత బాగుందంటే తప్పు అని చెప్పడానికి నోరు రాలేదు. చానెల్ సారుకు వచ్చింది.

"వీళ్ళు శిబిరానికొచ్చిన పిల్లలాండీ, పోలీసు పెరేడా?"

పెద్దాయనకు కోపం వచ్చింది. ఒక చిలక ముందు, ఒక చిలక వెనక వేస్తే ఆ చీర కొంటారా, మీ సారు పెండ్లాం కొంటాదా అని నన్ను నిలదీశాడు. బతిమాలి, బామాలి, ఒక పిల్లవాడికి చెప్పు తెగినట్టు, ఇంకొకడు గోళీలు ఏరుకుంటూ వెనకబడినట్టు గీయించాను. అవి గీస్తున్నంతసేపూ పెద్దాయన ముఖం చీర మీద కాఫీ ఒలికినట్టే పెట్టుకున్నాడు.

సరస్సు సంగతి మరీ విచిత్రం. మా వాళ్ళలో సరస్సు చూసినవాళ్ళు లేరు, బావి చూసినవాళ్ళున్నారు. మా వైపు పిల్లలకు ఈత నేర్పేటప్పుడు నడుముకు ఎండిన బెండ్లు తాడుతో కట్టి బావిలోకి తోసేస్తారు, మునిగిపోకుండా అవి తేలగొడతాయి. సరస్సు నేను ఫోటో చూపించి గీయించాను గానీ, దాంట్లోకి దూకే ప్రతి పిల్లవాడి వీపున జాగ్రత్తగా బెండ్లు కట్టి పంపించారు. చానెల్ సారు చూసి, "మేడమ్, ఆక్సిజన్ సిలిండర్లు ఎందుకండీ?" అన్నాడు. అవి ఉంటేనే తల్లులు భయపడకుండా చూస్తారని చెప్పాను. ఒప్పుకున్నాడు. అబద్ధం కాదు కదా.

ఇక గొంతులు. రికార్డింగు గది గోడలకు బయటి చప్పుడు రాకుండా ఏదో కొట్టించాలి. కంపెనీ వాళ్ళు చూద్దాం అన్నారు. ఆదోనిలో కూర్చుని చూద్దామనడమేమిటి? పక్క సందులోనే పత్తి మిల్లు. బతిమాలి పత్తి బోరాలు తెచ్చి, తలుపూ సౌండు మనిషి చూసే అద్దమూ వదిలి, గది నాలుగు వైపులా కప్పుదాకా పేర్చాం. బయట లారీ హారన్ కొట్టినా లోపల వినపడదు. కాకపోతే లోపలికి నల్ల జుట్టుతో వెళ్ళినవాళ్ళు ముగ్గుబుట్టలై బయటికి వచ్చేవాళ్ళు. ఆ కార్యక్రమంలో ఒక లావుపాటి పిల్లవాడు మాటిమాటికీ తుమ్ముతుంటాడు, చాలామందికి వాడంటే ఇష్టం. ఆ జలుబు కథలో లేదు. గదిలో ఉంది.

సౌండు చూసే మనిషి పెళ్ళిళ్ళలో డీజే పెట్టేవాడు. ప్రతి మాటకూ ప్రతిధ్వని కలిపితే గానీ ఆయనకు నిద్ర పట్టదు. పిల్లవాడు "ఆకలి" అంటే కొండల్లోంచి "కలి, కలి" అని వినపడేది. ఆయనతో రోజూ యుద్ధమే.

ఎర్ర చొక్కా పిల్లవాడికి గొంతు ఎవరిది పెట్టాలో తోచలేదు. పట్నం పిల్లల్ని తెస్తే పద్యం అప్పజెప్పినట్టు చెప్పారు. ఎమ్మిగనూరులో ఒక హాస్టలుంది. పనులకు వలస వెళ్ళేవాళ్ళు పిల్లల్ని అక్కడ వదిలి వెళ్తారు. పెద్దాయన చెబితే అక్కడికి వెళ్ళాను. కోసిగి వైపు పాప ఒకతె, పదేళ్ళుంటాయేమో, వరండాలో నిలబడి తోటి పిల్లలకు వార్డెన్‌గారి నడకా మాటా చేసి చూపిస్తోంది. వార్డెన్‌గారు నా పక్కనే నిలబడి చూస్తున్నారు. గొంతు బొంగురు, మాట తూటా. ఆమెనే తెచ్చుకున్నాను. ఆడపిల్ల మగపిల్లవాడికి మాట్లాడటమేమిటి అంటే, "వాడు మాట్లాడేది నేను మాట్లాడతా, నేను మాట్లాడేది వాడు మాట్లాడలేడు" అంది.

వాళ్ళమ్మా నాయనా సుగ్గికి పోయారు. మిరపకాయలు కోయడానికి మా వైపునుంచి గుంటూరు దాకా కుటుంబాలు కుటుంబాలు తరలిపోతాయి, దాన్నే సుగ్గి అంటారు. ఆ ఏడు కోత అయ్యాక ఇంటికి రాకుండా, అట్నుంచి అటే బెంగళూరులో ఇండ్లు కట్టే పనికి వెళ్ళారట. ఎప్పుడొస్తారు అంటే పాప భుజాలు ఎగరేసేది. తర్వాత తినడానికేముంది అని అడిగేది. ఆ పాపకు మేం రోజూ బొరుగుల ఒగ్గాణి, మిరపకాయ బజ్జీలు తెప్పించేవాళ్ళం.

చివరి దృశ్యం దగ్గరికి వచ్చాం. కథలో ఏముందంటే, సెలవులు అయిపోయి పిల్లలంతా బస్సులెక్కి వెళ్ళిపోతారు. బస్సులు కనుమరుగైన తర్వాత ఖాళీ మైదానం, గాలి, శుభం. పెద్దాయన నా ముందుకు వచ్చి నిలబడ్డాడు.

"ఖాళీగానా అమ్మా?"

"ఖాళీగానే మామా."

"ఒక్కరూ లేకుండానా?"

"అందరూ వెళ్ళిపోయారు కదా."

తల ఊపాడు. ఆ తల ఊపడానికి అర్థం సరే అని నేననుకున్నాను. తయారైన దృశ్యాన్ని చిన్న తెర మీద చూపించినప్పుడు మూలన శిబిరం ఆఫీసు మెట్ల దగ్గర ఎర్రగా ఏదో కనిపించింది. అదేంది అంటే, ఒకమ్మాయి, "ఉండనీ మేడమ్, అదుంటేనే నిండుగా ఉంది" అంది. బకెట్టు అనుకున్నాను. అప్పుడే డీజే మనిషి బస్సు హారనుకు ప్రతిధ్వని కలిపినట్టు తెలిసి అటు పరుగెత్తాను. కార్యక్రమం అలాగే హైదరాబాదు వెళ్ళింది. చానెల్ సారు కూడా ఫోనులోనే చూసి పంపించేశాడని తర్వాత తెలిసింది.

సెలవులు మొదలైన ఆదివారం పొద్దున టీవీలో వేశారు. ఎమ్మిగనూరు నుంచి మా వాళ్ళంతా ఇంటివాళ్ళను వెంటబెట్టుకుని వచ్చారు. కోసిగి పాప ఉతికిన గౌను వేసుకుని ముందు వరసలో కూర్చుంది. కింద చీరల దుకాణం సేటు తన పెద్ద టీవీని పైకి మోయించాడు. ఈ అరగంటే కదా వీళ్ళందరి బతుకూ అనుకున్నాను.

ఎంత బాగా సాగిందో చెప్పలేను. చింతగింజలకు నవ్వారు. తుమ్ములకు నవ్వారు. ఎర్ర చొక్కా పిల్లవాడు బెండ్లు కట్టుకుని, కళ్ళు మూసుకుని, "అమ్మా, నేను దూకుతాండాను" అని అరిచి నీళ్ళలో పడినప్పుడు మేడ మీదున్న ఆడవాళ్ళందరూ చప్పట్లు కొట్టారు. బస్సులు వచ్చాయి, పిల్లలు ఎక్కారు, కిటికీల్లోంచి చేతులూపారు. బస్సులు వెళ్ళిపోయాయి. సేటుగారి పెద్ద టీవీలో ఖాళీ మైదానం వచ్చింది. మూలన మెట్ల మీద, మోకాళ్ళు కౌగిలించుకుని, ఎర్ర చొక్కా పిల్లవాడు కూర్చుని ఉన్నాడు. శుభం పడింది.

గదిలో ఎవరికీ ఆశ్చర్యం లేదు. నేనొక్కదాన్నే నోరు తెరుచుకుని నిలబడ్డాను. ఫోను మోగింది.

చానెల్ వాళ్ళు ఫిర్యాదులు తమకెందుకని శుభం కింద మా యూనిట్ నెంబరు వేశారు. మొదటి ఫోను మా ఆదోనిలోనే ఒక అవ్వది. "ఆ పిల్లోణ్ణి పిలుచుకుపోయేకి ఎవురూ రాలేదేమ్మా?" అంది. పెట్టేసేలోగా ఇంకొకటి. ఎక్కడో గోదావరి వైపు తండ్రి, వెనక పిల్ల ఏడుపు. "అండీ, మా అమ్మాయి అన్నం ముట్టనంటోందండి, ఆ అబ్బాయి ఇంటికి చేరాడని ఒక్క ముక్క చెప్పండి." చేరాడమ్మా, చేరాడు అని ఆ పిల్లకు చెప్పాను. ఎలా చేరాడు అంది. నాన్నకు ఫోనివ్వమ్మా అన్నాను. ఒక ఆర్టీసీ డ్రైవరు ఫోను చేసి, పిల్లల్ని లెక్క పెట్టుకోకుండా బండి తీసిన ఆ డ్రైవరు ఏ డిపో వాడో చెప్పమన్నాడు. బొమ్మ డ్రైవరు సార్ అన్నా వినలేదు. బొమ్మైతే మాత్రం బాధ్యత ఉండదా అన్నాడు.

తర్వాత చానెల్ సారు. ఆయన గొంతు అప్పటికే పోయింది.

"మేడమ్, పిల్లాణ్ణి మరిచిపోయారు. పండగలాంటి కార్యక్రమం మేడమ్, పిల్లాణ్ణి అడవిలో వదిలేసి శుభం వేశారు. రేపు పొద్దున పెద్దవాళ్ళు కూర్చుంటున్నారు. మీ యూనిట్ గురించి నేనిక ఏం మాట్లాడలేను."

ఫోను పెట్టేసి పెద్దాయన మీద విరుచుకుపడ్డాను. నా నోరు మంచిది కాదని మా వీధిలో అందరికీ తెలుసు, ఆ రోజు బజారంతటికీ తెలిసింది. ఖాళీగా గీయమంటే ఖాళీగా గీయడానికి నీకేం రోగం అన్నాను. ఇంతమంది పొట్ట కొట్టావన్నాను. ఆయన చివరిదాకా విని, కూర్చోమ్మా అని కుర్చీ జరిపాడు.

"గుడ్డ దిగినాక పడుగు మొత్తం కోసెయ్యరమ్మా. ఇంత దారం మగ్గానికే వదుల్తారు. కొత్త పడుగు వచ్చినప్పుడు పోగుకు పోగు దానికే అతకల్ల. మొత్తం కోసి బోసిగా పెడితే ఆ మగ్గం మూతబడినట్ల లెక్క. నా చేత్తో నేను మన మగ్గాన్ని బోసిగా పెట్టలేను."

ఆడపిల్లలంతా తలలూపారు. వాళ్ళకు అది వింతే కాదు. నేత ఇంట్లో పుట్టిన ఎవరికైనా ఆ పిల్లవాడు ఉండాల్సిన చోటే ఉన్నాడు. బట్టలు అమ్మే ఇంట్లో పుట్టిన నాకు ఒక్కదానికే తెలియలేదు. ఇంతటి తెలివిని ఏం చేసుకోవాలో తెలియక నెత్తి పట్టుకున్నాను. అప్పుడు కోసిగి పాప నా కొంగు లాగింది.

"వాళ్ళమ్మ ఎప్పుడొస్తాది?"

ఎవరి గురించి అడిగిందో అందరికీ తెలుసు. పెద్దాయన ముక్కు చీదుకోవడానికి వరండాలోకి వెళ్ళాడు. నాకు చాలా దుఃఖం వచ్చింది. వస్తుందమ్మా, తప్పకుండా వస్తుంది అన్నాను. ఇందాక గోదావరి పిల్లకు చెప్పినంత ధైర్యంగా ఈ పిల్లకు చెప్పలేకపోయాను.

మర్నాడంతా ఫోను పక్కనే పెట్టుకుని కూర్చున్నాం. ఎవరూ పెన్సిలు ముట్టలేదు. బోరాలు మిల్లుకు ఎలా తిప్పి పంపాలా అని డీజే మనిషి లెక్కలు వేస్తున్నాడు. మధ్యాహ్నం దాటాక చానెల్ సారు ఫోను చేశాడు. మాట మెత్తగా ఉంది.

"మేడమ్, పిల్లలు వాట్సాప్‌లో బొమ్మలు పంపుతున్నారు."

"ఏం బొమ్మలు?"

"ఆ అబ్బాయిని తీసుకురావడానికి వెళ్తున్నట్టు. ఒకడు హెలికాప్టర్ గీశాడు. ఒకమ్మాయి వాళ్ళ నాయనమ్మని ఎద్దుబండి మీద పంపించింది. ఒకడు నన్నే స్కూటర్ మీద పంపించాడండీ, నాకు గడ్డం పెట్టాడు. ఫోన్లో ఎంతమంది చెప్పినా మా పెద్దవాళ్ళు వినేవారు కాదు, ఆ బొమ్మలు ప్రింటు తీసి బల్ల మీద కుప్పపోస్తే నవ్వడం మొదలుపెట్టారు. ఒకటే అడుగుతున్నారు. వాణ్ణి ఇంటికి చేర్చడానికి మీకు ఎన్నాళ్ళు పడుతుంది?"

నేను ఫోను చేత్తో మూసి ఆ మాట గదిలో చెప్పాను. తర్వాత జరిగిన గోల రాస్తే మర్యాదగా ఉండదు. సేటు కిందినుంచి పైకి వచ్చి, కప్పు కూలిందా అని అడిగాడు. పెద్దాయన మాత్రం గళ్ళ కాగితం తీసి, "అతకడం మొదలుపెడదామా?" అన్నాడు.

రెండో కార్యక్రమం ఎక్కడ ఆగిందో అక్కడే మొదలయ్యింది. మెట్ల మీద పిల్లవాడు. వాడికోసం తల్లి పరుగెత్తుకుంటూ వస్తుంది. తల్లి గొంతు మా ఆడపిల్లల్లో ఒకరి చేత చెప్పించాం. వార్తలు చదివినట్టు వచ్చింది. ఇంకొకరు ప్రయత్నిస్తే పెళ్ళి పిలుపులా ఉంది. నేను చెబితే డీజే మనిషి మైకు ఆపి, "మేడమ్, పిల్లోడు భయపడి మళ్ళీ శిబిరంలోకి పోతాడు" అన్నాడు. ఆ మాట ఇక్కడ రాయడం నాకిష్టం లేదు, నిజం గనక రాస్తున్నాను.

తొలకరి ముందు ఒక మధ్యాహ్నం కోసిగి పాప మైకు ముందు నిలబడి ఉంది. పిల్లవాడు దూరంగా ఎవరో వస్తుంటే చూసే ఘట్టం. తల్లి గొంతు తర్వాత అతికిద్దామని, ముందు పాప మాటలు తీసుకుంటున్నాం. లోపల పాపా, నేనూ. అద్దం అవతల డీజే మనిషి. ఎవరూ లోపలికి రాకూడదని తలుపు మీద ఎర్ర బల్బు వెలుగుతోంది. అప్పుడు గది తలుపు దబ్బున తెరుచుకుంది.

ఆ బల్బుకు అర్థమేమిటో ఆ వచ్చినావిడకు ఎవరు చెబుతారు? చేతిలో సంచి, కాళ్ళకు బెంగళూరు సిమెంటు దుమ్ము. ఎమ్మిగనూరు హాస్టలుకు పోయి, బిడ్డ లేదని తెలిసి, ఆదోని బస్సెక్కి, బజారంతా అడుగుతూ వచ్చింది.

"యాడుండావే నువ్వు? హాస్టలంతా ఎతికితిని, గుండె ఆగిపోయె నాకు. ఈడ ఈ పత్తిలో ఏం జేస్తాండావు? సూడు ఎంత సిక్కిపోయినావో. పా, ఇంటికి పోదాం పా."

పాప వెంటనే కదల్లేదు. ఎంత బాగా నేర్పాం చూడండి, మైకు ముందు వేలు పెదాల మీద పెట్టుకుని, "అమా, ఉండు, రికార్డింగు జరుగుతాంది" అని గుసగుసలాడింది. వాళ్ళమ్మ అర్థం కాక నా వైపు చూసింది. తర్వాత పాప స్టాండు తోసుకుని పరుగెత్తి తల్లి నడుము పట్టుకుంది. పెద్ద ఏడుపు. రోజూ బజ్జీలు తిని భుజాలు ఎగరేసిన పిల్ల లోపల ఇంత ఏడుపు దాచుకుందని మాకెవరికీ తెలియదు. బోరాల మీదినుంచి పత్తి లేచి ఇద్దరి తలల మీదా పడింది. వాళ్ళమ్మ తుమ్మింది. ఏడుస్తూనే పాప నవ్వింది.

అద్దం అవతల డీజే మనిషి మెషీను ఆపలేదు. నా వైపు చూసి తల ఊపాడు. ఆ రోజు ఆయన ఒక్క ప్రతిధ్వని కూడా కలపలేదు.

ఆ తల్లిని అడిగాం, నీ మాట టీవీలో పెట్టుకోవచ్చా అని. తిట్లు కూడా వస్తాయా అంది. వస్తాయన్నాం. పెట్టుకోండి గానీ, బిడ్డ సిక్కిపోయిందన్నది మాత్రం తీసెయ్యద్దు అంది. ఆమె మాటలో పత్తి ముక్క కోసేసి, హాస్టలుకు బదులు శిబిరం అనీ, ఏవే బదులు ఏరా అనీ ఆమె చేతే ఒకసారి చెప్పించాం, మిగతాదంతా ఉన్నదున్నట్టే. బొమ్మలో పిల్లవాడు కూడా, తల్లి వచ్చాక, వేలు పెదాల మీద పెట్టుకుంటాడు. ఎందుకు పెట్టుకున్నాడో కథలో లేదు. చూసిన తల్లులెవరూ ఎందుకని అడగలేదు. చానెల్ సారు మాత్రం ఈ ఆర్టిస్టు ఎవరండీ, ఇంకో పాత్రకు కావాలి, నెంబరివ్వండి అన్నాడు. ఆమె విత్తనం వేయడానికి పోయిందని చెప్పాను. ఎప్పుడొస్తారు అన్నాడు. వానను అడగండి అన్నాను.

దసరా సెలవుల్లో రెండోది టీవీలో వేశారు. ఈసారి నేను మోసపోదలచుకోలేదు. చివరి దృశ్యం, తల్లీ కొడుకూ ఊళ్ళో బస్సు దిగి ఇంటికి నడిచిపోయాక ఖాళీ బస్టాండు. పంపే ముందే దాన్ని సేటుగారి పెద్ద టీవీలో ముక్కు ఆనించి మూలమూలా వెతికాను. మెట్ల మీద ఎవరూ లేరు. బెంచీ మీద ఎవరూ లేరు. చెట్టు కింద ఎవరూ లేరు. పెద్దాయన పక్కనే నిలబడి, "బోసిగానే ఉందమ్మా, సూసుకో" అన్నాడు. నాకు లోలోపల కొంచెం దిగులు వేసిన మాట నిజమే, అయినా పంపించేశాను. యూనిట్ సంగతి కంపెనీ వాళ్ళు ఇంకా ఏమీ తేల్చలేదు. ఈ రెండోదాని తర్వాత ఇంకొకటి ఉందో లేదో ఎవరూ చెప్పలేదు.

టీవీలో వేసిన పొద్దున మళ్ళీ అందరం చేరాం. కోసిగి పాప ఈసారి అమ్మ ఒళ్ళో కూర్చుని చూసింది. తెరలో తన గొంతు విని వాళ్ళమ్మ కొంగులో ముఖం దాచుకుంది. పిల్లవాడు ఇంటికి పోయాడు. ఖాళీ బస్టాండు వచ్చింది. శుభం పడింది. హమ్మయ్య అనుకున్నాను.

ఫోను మోగింది. అదే ఆదోని అవ్వ.

"పిల్లోడు ఇల్లు సేరినాడు, సంతోసం. మరి బెంచీ కింద ఒంటి చెప్పు పడిపాయ గదమ్మా. ఈ ముండ్లల్లో వాడు కుంటుకుంటూ బడికెట్ల పోతాడు?"

నేను మెల్లగా వెనక్కి తిరిగాను. పెద్దాయన నా వైపు చూడలేదు. కిటికీ దగ్గర కూర్చుని పెన్సిలు చెక్కుకుంటున్నాడు.